మీసాలొచ్చాక ఆటలేమిటనే వాదం

పెద్దయ్యాక ఆట తగదనే అభిప్రాయం గుంటూరు, ప్రకాశం మెట్ట ఊళ్లలో బాగా పాతుకుపోయింది. గోళీలు, బొంగరాలు, బిళ్లంగోడు బడి వయసుతో సరి. మీసాలొచ్చినవాడు రచ్చబండ మీద సుద్దముక్కతో పులిజూదం గీసుకు కూర్చుంటే పనీపాటా లేనివాడని పేరు పడుతుంది. పెళ్లయిన మనిషి తొక్కుడుబిళ్ల గళ్లలో కాలు పెడితే సిగ్గులేదా అంటారు. ఈ అభిప్రాయంలో నాలుగు నమ్మకాలు కలగలిసి ఉన్నాయి. ఆట తీరికలోంచి పుడుతుందనీ, పంట, అప్పు, పిల్ల పెళ్లి నెత్తిన ఉన్నవాడికి ఆ తీరిక ఉండకూడదనీ ఒకటి. ఆట ముదిరితే జూదమై కొంప ముంచుతుందని ఇంకొకటి. ఆడేవాడి మాటకు పదిమందిలో బరువుండదని మరొకటి. బతుకుకు ముందు చేసే సాధనే ఆట, బతుకు మొదలయ్యాక దానితో పనేముందన్నది చదువుకున్నవాళ్లు చెప్పే మాట. నాలుగింటిలో ఏదీ ఈ నేల మీద కళ్లెదుట జరుగుతున్నది చూసి చెప్పింది కాదు.

ముందు తీరిక సంగతి. ఇక్కడ మిరప నారు ఆగస్టు, సెప్టెంబరుల్లో నాటుతారు. సంక్రాంతి ప్రాంతాల్లో కోతలు అందుకుంటాయి. ఫిబ్రవరి, మార్చి వచ్చేసరికి ఊపిరి సలపదు. కూలీల కోసం రైతు పొరుగూళ్ల చుట్టూ తిరిగేది అప్పుడే. కల్లంలో కాయ ఆరుతుండగా మబ్బు కమ్మితే పట్టాలు పట్టుకుని పరిగెత్తేదీ, గుంటూరు మిర్చి యార్డు ముందు మిరప టిక్కీలు నింపిన లారీలు బారులు తీరేదీ అప్పుడే. మహాశివరాత్రి సరిగ్గా ఆ రద్దీ నడుమ పడుతుంది. నరసరావుపేట పక్కన కోటప్పకొండ తిరునాళ్లకు ఊళ్లు ప్రభలు కట్టేది ఆ రోజుల్లోనే. ఆట తీరిక బిడ్డే అయితే ఈ సంబరమంతా మే నెలలో, చేలు ఖాళీగా పడి ఉన్నప్పుడు పుట్టి ఉండాల్సింది. తిథి దేవుడిది కదా అని అడ్డు చెప్పవచ్చు. నిజమే. కొండెక్కి కొబ్బరికాయ కొట్టి రావడానికి అరపూట చాలు. 90 అడుగుల ప్రభ కట్టమని ఏ తిథీ చెప్పలేదు.

సరుగుడు వాసాలు, వెదుళ్లు బిగించి నిలబెట్టిన చట్రమే ప్రభ. అడుగున బండి, ముందు దేవుడి పటం, ఒళ్లంతా రంగు గుడ్డలు, విద్యుద్దీపాలు, వెంట జనరేటరు. పూర్వం ఎడ్లు లాగేవి, ఇప్పుడు ట్రాక్టర్లు లాగుతున్నాయి. చిలకలూరిపేట వైపు కావూరు, పురుషోత్తమపట్నం, మద్దిరాల లాంటి ఊళ్లు దీనికి పేరుపడ్డాయి. నాలుగు పక్కలా మోకులు పట్టుకుని మగవాళ్లు నడుస్తారు. వాళ్లలో తలనెరిసినవాళ్లు తక్కువేమీ కాదు. ఒక పక్క లాగితే ఎదుటి పక్క వదలాలి, గాలి తిరిగితే కేకల మీద కేకలతో బిగువు మార్చాలి. రోడ్డు గుంటలో చక్రం దిగిందంటే పైన కొస ఊగుతుంది, కింద అంతమంది గొంతు ఒక్కసారిగా మూగబోతుంది. బండి మళ్లీ నిలదొక్కుకోగానే లేచే ఈల, వేళాకోళం, పక్కవాడి వీపు మీద చరుపు చూసినవాళ్లకు ఇది మొక్కా, ఆటా అన్న అనుమానం మిగలదు. పక్క ఊరి ప్రభ కన్నా మూడడుగులు పొడవుండాలన్న పంతం కొండ మీది త్రికోటేశ్వరుడు కోరింది కాదు.

ఒంగోలు ఎడ్ల బండలాగుడు ఇంకా స్పష్టమైన రుజువు. సంక్రాంతికీ, ఊరి తిరునాళ్లకీ జరిగే ఈ పోటీల్లో జతలను పళ్లను బట్టి విడదీస్తారు: పాలపళ్లు, రెండు పళ్లు, నాలుగు పళ్లు, ఆరు పళ్లు, ఆపైన సీనియర్లు. బండ బరువు క్వింటాళ్లలో ఉంటుంది. ఇచ్చిన నిమిషాల్లో జత ఎన్ని అడుగులు లాగిందన్నది లెక్క, చివర అంగుళాలు కూడా వదలరు. టేపు పట్టుకుని వంగిన మనిషి చుట్టూ పదిమంది పంచెలు ఎగగట్టి మోకాళ్ల మీద కూర్చుంటారు. మామూలప్పుడు బస్తాకు వంద తగ్గినా పోనీలే అని లేచి వచ్చే రైతు ఇక్కడ అర అంగుళం దగ్గర గొంతు చించుకుంటాడు. మైకులో పట్టిక చదివాక ఆ తగువు ఎవరికీ గుర్తుండదు. ట్రాక్టరు వచ్చాక దుక్కికి ఎడ్లతో పని తీరిపోయింది. అయినా ఉలవలు ఉడకబెట్టి, రోజూ కసరత్తు చేయించి, పోటీ జతను సాకేవాళ్లు ఉన్నారు. గెలిస్తే వచ్చే బహుమతి ఆ మేతకు సరిపోదని అందరికన్నా వాళ్లకే బాగా తెలుసు.

అదేమని అడిగితే జాతి పరిరక్షణ అంటారు. ఒంగోలు జాతి సంతతిని నెలోర్ పేరుతో బ్రెజిల్ కోట్లలో పెంచింది, అందుకోసం అక్కడ ఎవరూ బండలు లాగించలేదు. జాతి మాట అబద్ధమని కాదు, అది అసలు కారణం కాదని చెప్పడం. ఎద్దు వైపునుంచి చూస్తే ఇందులో ఆట లేదన్న అభ్యంతరం వేరు. అది న్యాయమైనది, కొరడాకు కట్టడి ఉండి తీరాలి. కానీ ఆ అభ్యంతరం పెద్దవాళ్లు ఆడటం గురించి కాదు, మరో ప్రాణిని అడగకుండా ఆటలోకి లాగడం గురించి.

ఈ రెండూ చూస్తే సంగతి తేలుతుంది. ఈ ప్రాంతపు పెద్దవాళ్లు ఆడటం ఎన్నడూ మానలేదు. ఆటకు ఇంకో పేరు పెట్టుకుని ఆడుతున్నారు. మొక్కు, సంప్రదాయం, ఊరి పరువు, వ్రతం, ఆచారం, ఏదో ఒక చీటీ అంటిస్తే ఎంత ఆటైనా చెల్లుతుంది. చీటీ లేని ఆటకే తప్పు పడుతుంది. బతుకులో పెద్దరికం మొదలయ్యేది పెళ్లితో కదా, ఆ పెళ్లి తంతునే తీసుకోవచ్చు. కట్నకానుకల దగ్గర కత్తులు నూరుకున్న రెండు వైపులవాళ్లూ మూడు ముళ్లు పడగానే బిందె చుట్టూ చేరతారు. నీళ్లలో ఉంగరం వేస్తారు. వధూవరులు చేతులు దూర్చి వెతుకుతుంటే వధువు తరఫువాళ్లు ఒక పక్క, వరుడి తరఫువాళ్లు ఒక పక్క అరుస్తారు. దొరికిన ఉంగరాన్ని గుప్పిట్లోంచి లాక్కోవడమూ జరుగుతుంది, చూసీచూడనట్టు వదిలేయడమూ జరుగుతుంది. పూలబంతులు విసురుకోవడం, తలంబ్రాల్లో ముందు ఎవరు పోస్తారన్న పోటీ, గుమ్మం దగ్గర ఆడపడుచులు అడ్డుపడి పేర్లు చెప్పించడం, అన్నీ ఇదే వరస. సంసారం బరువు తెలియాలని దీవించే పెద్దలే ఆ సంసారాన్ని ఆటతో మొదలుపెట్టిస్తున్నారు. పెద్దవాళ్లకు ఆట తగదన్న మాటకు ఇంతకన్నా పెద్ద 'కాదు' ఏముంటుంది?

ఇక చరిత్రలోంచి తెచ్చే సాక్ష్యాలు. వ్యతిరేకులకు పల్నాడు కన్నా గట్టి ఆధారం లేదు. కోడిపందెంతోనే కదా పల్నాడు నాశనమైంది అంటారు. 12వ శతాబ్దపు ఆ కథలో నాయకురాలు నాగమ్మ కోళ్లకూ బ్రహ్మనాయుడి కోళ్లకూ పోరు జరిగింది, ఓడిన బ్రహ్మనాయుడి మాచర్ల పక్షం ఏడేళ్లు రాజ్యం వదిలి వెళ్లింది, గడువు తీరాక రాజ్యభాగం దక్కక కారెంపూడి దగ్గర యుద్ధమైంది. ఇందులో ఆట ఎక్కడుంది? రెండు కోళ్ల మీద రాజ్యాన్ని ఒడ్డినప్పుడే ఆట అయిపోయింది. ఒడ్డినది తిరిగి ఇవ్వనన్న మాటతో యుద్ధం మొదలైంది. ఓడినవాడు లేచి దుమ్ము దులుపుకుని ఇంకో ఆటకు సిద్ధమయ్యే వీలుంటేనే అది ఆట. ఓడితే ఇల్లొదిలి మండాదికో, మేడపికో పోవాల్సి వస్తే దాన్ని రాజకీయం అనాలి. పల్నాటి పెద్దలను ముంచింది ఆటతనం కాదు, ఆటను ఆటగా ఉండనివ్వని పంతం.

బ్రహ్మనాయుడి కొడుకు బాలచంద్రుడి బొంగరాల కథను కూడా ఇలాగే వాడతారు. శ్రీనాథుడి పేరు మీద ఉన్న పల్నాటి వీరచరిత్రలో తల్లి ఐతాంబ కొడుకుకు యుద్ధం ఊసు తెలియకుండా పెంచుతుంది. బాలచంద్రుడు విసిరిన బొంగరం ఒక కోమటి స్త్రీ కాలికి తగులుతుంది. యుద్ధం పెట్టుకుని ఈ ఆటలేమిటన్న ఆమె ఎత్తిపొడుపుతో అతను బొంగరం వదిలి కత్తి పడతాడు. ఆట మానినప్పుడే మగవాడయ్యాడని దీని తాత్పర్యంగా చెప్పేస్తారు. కథను ఇంకాస్త దగ్గరగా చదివితే వేరే సంగతి కనబడుతుంది. బాలచంద్రుడి వెంట యుద్ధానికి నడిచినవాళ్లు ఎవరు? వేర్వేరు కులాల్లో పుట్టి అతనితో తమ్ముళ్లుగా తిరిగిన జతగాళ్లు. బ్రహ్మనాయుడు అన్ని కులాలూ కలిసి తినే చాపకూడుతో పెద్దవాళ్ల మధ్య కష్టపడి తెచ్చిన కలయిక ఆ కుర్రాళ్ల మధ్య అరమరికలు లేకుండా సాగింది. వాళ్లంతా యుద్ధంలో పోయారు. యుద్ధం తర్వాత ఏ పక్షానికీ అనుభవించడానికి మిగిలిందేమీ లేదు. బొంగరం తగిలి నొచ్చింది ఒక్కరి కాలు, పెద్దమనుషుల గాంభీర్యానికి ఒక తరం బలైంది. ఈ లెక్కలో ఏది పెద్దరికమో చెప్పడం కష్టమేమీ కాదు.

ఆ వీరులను పల్నాడు ఇప్పటికీ తలుచుకునే తీరు ఇంకా విచిత్రం. కార్తీక అమావాస్య నాడు కారెంపూడిలో మొదలయ్యే వీరుల ఉత్సవాలు రాచగావు, రాయబారం, మందపోరు, కోడిపోరు, కల్లిపాడు అన్న పేర్లతో ఐదు రోజులు సాగుతాయి. పేర్లు చూస్తేనే తెలుస్తుంది, జరిగిన కథను ఏటా మళ్లీ ఆడటమే అది. కోడి వల్ల చెడ్డామని చెప్పుకునే నేల కోడిపోరుకు ఒక రోజు కేటాయించింది. ఆ ఘట్టాన్ని ఆడి చూపేది పిల్లలు కాదు.

రెండో సాక్ష్యం కొండవీడు. 1386 నుంచి 1402 దాకా ఏలిన కుమారగిరి రెడ్డి వసంతోత్సవాల మోజుతో కర్పూర వసంతరాయుడని పేరు తెచ్చుకున్నాడు. కర్పూరం, కస్తూరి లాంటి సుగంధద్రవ్యాలు తెప్పించే బాధ్యత అవచి తిప్పయ్యసెట్టిది. నాట్యానికి లకుమాదేవి. పాలన భారం బావమరిది కాటయవేముడి మీద పడింది, చివరికి పెదకోమటి వేముడు కొండవీటిని చేజిక్కించుకున్నాడు. ఆడుకున్న రాజు రాజ్యం పోగొట్టుకున్నాడన్నది తీర్పు. ఆయన సింహాసనం పోగొట్టుకున్న మాట నిజమే. పోనీ, వసంతాల మోజుకు పేరుపడని వారసులు కొండవీటిని ఎన్నాళ్లు నిలబెట్టారు? పాతికేళ్లు కూడా గడవకుండానే కొండవీటి రెడ్ల ఏలుబడి ముగిసింది. చివరి రాజు రాచవేముడు పురిటి మీద కూడా పన్ను వేశాడనీ, అందుకే సవరం ఎల్లయ్య చేతిలో చచ్చాడనీ కథ చెబుతారు. పసిబిడ్డ పుట్టిన ఇంటి ముందు పన్ను కోసం నిలబడిన రాజుకు వసంతాల పిచ్చి ఉందని ఎవరూ చెప్పరు మరి. ఇక కుమారగిరి ఆటలో ఏం మిగిలింది? ఆయన పేరు మీద వసంతరాజీయమనే నాట్యశాస్త్ర గ్రంథం వెలిసింది. ఆ కొలువులోనే కాటయవేముడు కాళిదాసు మూడు నాటకాలకు వ్యాఖ్యానం రాశాడు, దానికి కుమారగిరిరాజీయమని రాజు పేరే పెట్టాడు. రాజ్యభారం మోసిన మనిషే కూర్చుని నాటకాలకు వ్యాఖ్యానం రాశాడన్న సంగతి వ్యతిరేకులు ఎప్పుడూ ఎత్తరు.

ఆట సాధన మాత్రమేనన్న వాదానికి ఎక్కువ చెప్పనక్కర్లేదు. నడవడం, వేటాడటం నేర్చుకునేదాకానే ఆట అవసరమైతే ముసలి కుక్క కర్రముక్క కోసం పరిగెత్తకూడదు. మనిషి కూడా పసిజంతువుల కుతూహలాన్నీ ఆటతనాన్నీ జీవితాంతం మోసుకుపోయే ప్రాణి అని ఆష్లీ మాంటేగు 1981లో పుస్తకమే రాశాడు. అంతకుముందు 1938లో డచ్చి చరిత్రకారుడు హోయ్‌జింగా న్యాయస్థానం, యుద్ధనీతి, కవిత్వం, క్రతువు అన్నిటి లోపలా ఆట లక్షణాలు చూపించాడు. అంత దూరం పోనక్కర్లేదంటే నాగార్జునకొండ ఉంది. ఇక్ష్వాకుల విజయపురిలో 3వ శతాబ్దం నాటికే జనం మెట్ల మీద కూర్చుని చూసే రంగస్థలం ఉండేది. సాగర్ నీళ్లలో మునగకముందు దాన్ని తవ్వి తీసి అనుపులో మళ్లీ కట్టారు. మూడు పులులు, పదిహేను మేకలు ఆడే గళ్లు పాత గుళ్ల మండపాల్లో రాతి మీద చెక్కి కనబడతాయి. ఉలి పట్టి చెక్కింది పిల్లలు కారు.

పరువు వాదానికి తెనాలి, బాపట్ల జవాబు చెబుతాయి. బాపట్లలో 1902లో పుట్టిన స్థానం నరసింహారావు తెనాలి శ్రీరామ విలాస సభ నాటకాల్లో దశాబ్దాల పాటు చీర కట్టి, పూలు ముడిచి సత్యభామగా, చింతామణిగా, మధురవాణిగా రంగస్థలమెక్కాడు. పిల్లలు అమ్మ చీర చుట్టుకుని ఆడే ఆటకు ఇది ముదిరిన రూపమే. ఆయనకు పరువు తగ్గలేదు, 1956లో పద్మశ్రీ వచ్చింది. తెనాలి ఐతానగర్‌లో పుట్టిన చక్రపాణి శరత్ నవలలు తెలుగు చేసిన గంభీర సాహితీపరుడు. నాగిరెడ్డితో కలిసి 1947 జూలైలో చందమామ మొదలుపెట్టేనాటికి ఆయనకు నలభై దగ్గరపడుతున్నాయి. హేతువాది, కటువైన విమర్శకుడు, 'చదువు' నవల రాసిన కొడవటిగంటి కుటుంబరావు 1952 నుంచి 1980లో పోయేదాకా ఆ పత్రికనే నడిపాడు. దయ్యాలను నమ్మని మనిషి పాతికేళ్లకు పైగా దయ్యాల కథలు దిద్దుతూ కూర్చున్నాడు. తెనాలి దగ్గరి పెదగాదెలవర్రులో పుట్టిన దాసరి సుబ్రహ్మణ్యం తోకచుక్క నుంచి మొదలుపెట్టి మాంత్రికులు, రాక్షసులు, లోయలు, ద్వీపాలతో సీరియళ్లు రాస్తూనే పోయాడు. ఈ ముగ్గురి లోపలి ఆటతనం చచ్చిపోయి ఉంటే రెండు మూడు తరాల తెలుగువాళ్ల బాల్యం ఇంకోలా ఉండేది. పిల్లల కోసం రాయడం పని కదా అనవచ్చు. ఆ పనిని నటించి చేసినవాళ్ల పిల్లల పుస్తకాలు తెలుగులో బోలెడున్నాయి. రెండో పేజీ దాటరు పిల్లలు.

మిగిలింది జూదం. పెద్దల ఆట జూదానికి దారి అని భయపడేవాళ్ల భయం ఉత్తుత్తిది కాదు. పేకాటకు పొలం రాసిచ్చినవాళ్లు ప్రతి మండలంలో ఉంటారు. 1974 నాటి గేమింగ్ చట్టాన్ని 2020లో సవరించి ఆన్‌లైన్ రమ్మీని నిషేధించాల్సి వచ్చిందంటే జబ్బు ఎంత దూరం పోయిందో తెలుస్తుంది. కానీ దీనికి కారణం వెతికేచోటే పొరపాటుంది. పెద్దవాడు ఊరికే ఆడితే నగుబాటు, డబ్బు పెట్టి ఆడితే మగతనం. ఊరి లెక్క ఇది. గోళీలాడే నలభై ఏళ్లవాడిని పిచ్చివాడంటారు, పదివేలు పోగొట్టుకుని వచ్చినవాడిని దర్జాగా పోగొట్టాడంటారు. డబ్బు కూడా ఒక చీటీయే, ఆటను పెద్దవాళ్ల పనిగా చూపించే చీటీ. ఉత్త ఆట మీద సిగ్గు మోపినకొద్దీ ఆ చీటీకి గిరాకీ పెరుగుతుంది.

పైగా ఈ ప్రాంతంలో కొంపలు ముంచిన అసలు జూదం బరుల్లో జరగలేదు. 1987-88లో తెల్లదోమ పత్తి చేలను ఊడ్చేసినప్పుడు గుంటూరు, ప్రకాశం జిల్లాల్లో రైతులు అప్పుల్లో కూరుకుపోయారు, కొందరు ప్రాణాలు తీసుకున్నారు. వాళ్లలో ఎక్కువమంది పొద్దస్తమానం చేలోనే ఉన్న కష్టజీవులు. కౌలు, ఎరువు, పురుగుమందు అన్నీ అప్పు తెచ్చి ఒకే పంట మీద ఒడ్డారు, ఓడితే తిరిగి లేచే దారి ఎవరూ చూపలేదు. మిరప ధర సంగతీ అంతే, నాటినప్పటి ధర కోసేనాటికి ఉంటుందని ఏ రైతూ పూచీ పడలేడు. ఆటతో పాడవుతారని హెచ్చరించిన పెద్దల్లో పంటను ఇలా ఒడ్డవద్దని చెప్పినవాళ్లు అరుదు. అది పని కదా, దానికి పరువుంది.

ఈ అభిప్రాయం వల్ల ఎక్కువ నష్టపోయింది ఆడవాళ్లు. మగవాళ్లకు ప్రభ ఉంది, బండ ఉంది, పరిషత్తు నాటకాలున్నాయి, చివరికి పేకముక్కలైనా ఉన్నాయి. ఆడవాళ్లకు అంటించుకునే చీటీలు నోము, వ్రతం. ఆశ్వయుజ బహుళ తదియ నాడు, అట్లతద్దికి, తెల్లవారకముందే లేచి తిని, పిల్లల తల్లులు కూడా చెట్టుకొమ్మ ఉయ్యాలెక్కి ఊగవచ్చు. ఎవరూ ఏమీ అనరు. మర్నాడు అదే మనిషి అదే ఉయ్యాలెక్కితే అత్తగారు ఊరుకోదు. మిరప కోతల్లో సాలు వెంట సాలు వంగి కోసేవాళ్లు వరసలు కలుపుకుని ఒకరినొకరు ఆటపట్టించుకోవడం, పొడుపుకథలు విసురుకోవడం ఆ ఎండలో పనిని ఈదడానికి చేసుకున్న ఏర్పాటు. గట్టు మీద నిలబడిన ఆసామికి మాత్రం అది చేతులు ఆగడంగానే కనబడుతుంది. బండలాగుడు బరి దగ్గర పగలంతా నిలబడ్డా అతని గురించి ఎవరూ ఆ మాట అనరు. ఆట మనిషిని చెడగొడుతుందన్న నియమాన్ని అందరికీ ఒకేలా వర్తింపజేసి చూపిన ఊరు ఈ ప్రాంతంలో లేదు. ఎవరి ఆటకు ఏ పేరు చెల్లాలో తేల్చే అధికారం ఎవరి చేతిలో ఉంటే, నియమం వాళ్లను వదిలి మిగతావాళ్ల మీదే నడుస్తోంది.